వకీలు రుసుము ఎవరి హక్కు?

ఇందూరు సీమ న్యాయచరిత్ర: ఎనిమిదవ ప్రకరణము

గత ప్రకరణమున నిజాంసాగర చరిత్రను చెప్పుకొంటిమి. నవాబ్ అలీ నవాజ్ జంగు పర్యవేక్షణలో 1923లో మంజీరపై ఆరంభమైన ఆ నిర్మాణము 1931 నాటికి ముగిసినదనియు, దాని కాలువల వెంబడి బోధను, వర్ని, రుద్రూరు ప్రాంతములలో చెరకు తోటలు పెరిగినవనియు, కోస్తా జిల్లాలనుండి తరలివచ్చిన రైతులు క్యాంపులు కట్టుకొని స్థిరపడిరనియు తెలిసికొంటిమి. ఈ ప్రకరణమున ఆ నేలపై బ్రతుకు మనుష్యులు న్యాయస్థానపు మెట్లెక్కునప్పుడు ఎదురగు ఒక ప్రశ్నను పరిశీలింతము. హక్కు భంగమైనవాడు వ్యాజ్యము వేయవచ్చునని శాసనము చెప్పుచున్నది. అయితే ఆ వ్యాజ్యమును నడుపు వకీలునకు రుసుము ఎవరు చెల్లింపవలెను? చెల్లించువాడు సర్కారైనచో ఆ సాయమునకు అర్హులెవరు? ఓడిన ప్రతివాదియైనచో, గెలిచినవాడని ఎవరిని అనవలెను? ప్రపంచములోని పెద్ద న్యాయస్థానములనేకము తలలు బద్దలు కొట్టుకొనిన ఈ ప్రశ్నకు మన బోధనులోని షక్కర్‌నగరు కార్మికవాడలోను, మహారాష్ట్ర సరిహద్దునందలి సాలూరలోను కూడ చోటున్నది.

దావా ముగిసిన పిదప కోర్టు ఇచ్చు డిక్రీని చేతబట్టి చూచినవారికి దాని చివర ఒక పట్టిక కనబడును. దావా స్టాంపు ఇంత, వకాలతు స్టాంపు ఇంత, దస్తావేజుల స్టాంపు ఇంత, ప్లీడరు ఫీజు ఇంత, సాక్షుల బత్తా ఇంత, కమిషనరు ఫీజు ఇంత, సమన్లు అందజేసిన ఖర్చు ఇంత అని ఒక ప్రక్క వాదికి, మరియొక ప్రక్క ప్రతివాదికి లెక్క వ్రాయుదురు. సివిలు ప్రొసీజరు కోడు 35వ సెక్షను ప్రకారము ఓడినవాడు గెలిచినవాని ఖర్చులిచ్చుట సామాన్య నియమము. ఇవ్వనక్కరలేదని న్యాయాధీశుడు తలచినచో అందులకు కారణము వ్రాయవలెను. చదువుటకు ఇది మిక్కిలి న్యాయముగనే యున్నది. కాని ఆ పట్టికలోని ప్లీడరు ఫీజు కక్షిదారు నిజముగా ఇచ్చుకొనిన సొమ్ము కాదు. నిబంధనల కొలత ప్రకారము లెక్కగట్టిన సొమ్ము. పుస్తెలమ్మియో, ఎడ్లనమ్మియో, వడ్డీకి తెచ్చియో వకీలు చేతిలో పెట్టినదానికిని, డిక్రీలో వచ్చినదానికిని నడుమ ఉండు అంతరమును భరించువాడు గెలిచిన బీదవాడే. తప్పుడు వ్యాజ్యములచే వేధించినవానినుండి పరిహారపు ఖర్చులు రాబట్టుటకు ఏర్పడిన 35-ఎ సెక్షనులోని గరిష్ఠపరిమితి 3,000 రూపాయలు మాత్రమే. 2010లో వినోద్ సేఠ్ వ్యాజ్యమునందును, 2011లో సంజీవ్ కుమార్ జైన్ వ్యాజ్యమునందును సుప్రీంకోర్టు ఈ ఖర్చుల విధానము కాలమునకు తగినట్లు లేదని ఆవేదన తెలిపినది. 2012లో లా కమిషను తన 240వ నివేదికను పూర్తిగా ఈ విషయమునకే కేటాయించినది. 2015లో పెద్ద వర్తక వ్యాజ్యముల కొరకు 35వ సెక్షనును తిరిగి వ్రాసిరి. సామాన్యుని దావాకు మాత్రము పాత సెక్షనే నేటికిని వర్తించుచున్నది.

ఇది సొత్తు తగాదాల సంగతి. మనుష్యుని గౌరవమునకో, స్వేచ్ఛకో సంబంధించిన వ్యాజ్యములలో ఈ లోపము మరింత తీవ్రము. ఎందుకనగా అట్టి వ్యాజ్యమున గెలిచినవానికి పొలము రాదు, ఇల్లు రాదు. వచ్చినదానిలోనుండి వకీలునకు చెల్లించుటకు ఏమియు ఉండదు. వచ్చినదానిలో భాగమిత్తునని ఒప్పందము చేసికొందమన్నను మన దేశమున అది నిషిద్ధము. వ్యాజ్యఫలములో వాటా పుచ్చుకొనుట న్యాయవాదికి వృత్తిదోషమని సుప్రీంకోర్టు 1954లోనే తేల్చి చెప్పినది. ఆ నిషేధము మంచిదే. కాని నిషేధించిన వెనుక బీదవానికి వేరొక త్రోవ చూపవలసిన బాధ్యత రాజ్యముపై పడినది. ఆ బాధ్యతను రాజ్యము గుర్తించుటకు పట్టిన కాలమే ఈ ప్రకరణము కథ.

1937వ సంవత్సరము మన సీమకు రెండు విధముల జ్ఞాపకము ఉంచుకొనదగినది. ఆ యేట బోధనులో నిజాం చక్కెర కర్మాగారము నెలకొన్నది. ఒకానొక కాలమున ఆసియా ఖండములోనే పెద్దదిగా పేరొందిన కర్మాగారమది. ఆ యేటనే ఇందూరనబడు నిజామాబాదు పట్టణమున మందుముల నరసింగరావు అధ్యక్షతన ఆంధ్రమహాసభ ఆరవ సమావేశము జరిగినది. బహిరంగ సభ జరుపుకొనవలెనన్న సర్కారు అనుమతి కావలెనని గస్తీ నిషాన్ 53 అను ఉత్తరువు శాసించుచున్న రోజులవి. ఆ మహాసభకు అధ్యక్షత వహించినవారి పట్టికను తిరుగవేసినచో ఒక విశేషము తోచును. సురవరం ప్రతాపరెడ్డి, బూర్గుల రామకృష్ణారావు, మాడపాటి హనుమంతరావు, కొండా వెంకట రంగారెడ్డి, వీరందరును న్యాయశాస్త్రము చదివినవారు. అంతకుముందు 1921లో ఆ మహాసభకు మూలమైన ఆంధ్రజనసంఘము పుట్టుకకు కారణమైన వివేకవర్ధినీ నాటకశాల సభలో తెలుగున మాటలాడబోయి అవమానపడిన ఆలంపల్లి వెంకటరామారావును వకీలే. ప్రజల హక్కులకొరకు నోరు విప్పుటలో హైదరాబాదు సంస్థానమున వకీళ్లు ముందుండిరి. అయితే ఆ సేవ వారి వ్యక్తిగత ఔదార్యముపై ఆధారపడినది. ఔదార్యము గల వకీలు దొరకినవాడు ధన్యుడు. దొరకనివాని గతి ఏమన్న ప్రశ్నకు నాటి ప్రభుత్వమున సమాధానము లేదు.

ఆ ప్రశ్న పదునెక్కి ప్రాణములమీదికి వచ్చినది 1948 తరువాత. నిజామాబాదు ఖిల్లాలోని చెరసాలలో దాశరథి కృష్ణమాచార్యులు, వట్టికోట ఆళ్వారుస్వామి వంటి వారు బందీలైయుండుట, దాశరథి బొగ్గుముక్కతో గోడలపై పద్యములు వ్రాయుట మన పాఠకులకు సుపరిచితమే. ఆ యేటి సెప్టెంబరులో సంస్థానము భారతసైన్యముల వశమైనది, జనరల్ జె.ఎన్. చౌదరి సైనిక పాలకుడయ్యెను. ఆయన పాలనలో ప్రత్యేక ట్రిబ్యునళ్లు వెలసినవి. తెలంగాణ సాయుధపోరాట కాలపు హత్యల అభియోగములపై ఆ ట్రిబ్యునళ్ల యెదుట నిలిచిన తెలంగాణ రైతులు కొందరికి 1949 ఆగస్టులో మరణశిక్షలు పడినవి. డిసెంబరులో హైదరాబాదు హైకోర్టు వాటిని ఖాయపరచినది. మరుసటి నెల 26న రాజ్యాంగము అమలులోనికి వచ్చినది. ఉరికంబమునకును, కొత్త రాజ్యాంగమునకును నడుమ చిక్కుకొనిన ఆ రైతుల పక్షమున సుప్రీంకోర్టులో వాదించుటకు లండనునుండి డి.ఎన్. ప్రిట్ వచ్చెను, డేనియల్ లతీఫీ వంటి న్యాయవాదులు తోడ్పడిరి. అదియే జనార్దనరెడ్డి వర్సెస్ హైదరాబాదు రాష్ట్రము అను వ్యాజ్యము.

దీనియందు వినవచ్చిన వాదములలో ఒకటి మన ప్రస్తుత విషయమునకు ప్రాణము వంటిది. తమకు వకీలును నియమించుకొనుటకు తగిన అవకాశము లభింపలేదనియు, మరణదండన పడదగిన నేరమున న్యాయవాది లేకుండ జరిపిన విచారణ విచారణయే కాదనియు నిందితుల వాదము. 1932లో అమెరికా సుప్రీంకోర్టు స్కాట్స్‌బరోలో విచారింపబడిన నల్లజాతి యువకుల విషయమున అట్టి విచారణ చెల్లదని తీర్పు చెప్పియుండెను. మన సుప్రీంకోర్టు 1951లో అంత దూరము పోలేదు. ధర్మాసనము పక్షమున తీర్పు వ్రాసిన జస్టిస్ ఫజల్ అలీ అభిప్రాయమున, న్యాయవాది లేకపోయినంత మాత్రమున విచారణ చెల్లదని సార్వత్రిక సూత్రము చేయజాలము. ఆ కొరత వలన నిందితునికి అన్యాయము జరిగినదా లేదా అని వ్యాజ్యము వ్యాజ్యమునకు చూచుకొనవలెను. రాజ్యాంగము పుట్టకమునుపే ముగిసిన శిక్షలు గనుక అప్పీలు వినుటకు తమకు అధికారము లేదని కూడ న్యాయస్థానము భావించినది. తరువాత ఆ మరణశిక్షలు యావజ్జీవ శిక్షలుగా మారినవి. ప్రాణములు నిలిచినవి, వకీలునకు హక్కు కలదా అన్న ప్రశ్న మాత్రము అట్లే నిలిచిపోయినది.

అప్పటికే రాజ్యాంగపు 22వ అధికరణమున నిర్బంధితునకు తనకు నచ్చిన న్యాయవాదితో సంప్రదించి, ఆయనచే వాదింపించుకొను హక్కు వ్రాయబడియున్నది. నచ్చిన న్యాయవాదియన్న మాట అందున్నది. ఆయనకు రుసుమెవరిత్తురన్న మాట లేదు. ధనవంతునకు ఆ అధికరణము కవచము. చేతిలో కాసు లేని ఇందూరు రైతునకు అది కాగితముపైని అక్షరము. ఈ మాట కఠినముగ తోచవచ్చును గాని, తరువాత ఇరువది యేండ్లకు పైగా సుప్రీంకోర్టు తీర్పులే దీనికి సాక్ష్యము.

ఈ చిక్కుముడికి అమెరికా వేరొక రీతిని పరిష్కారము వెదకినది. అచ్చటి సాంప్రదాయము ప్రకారము ఎవరి వకీలు ఖర్చు వారిదే; గెలిచినను తిరిగిరాదు. 1964 నాటి పౌరహక్కుల చట్టము క్రింద దక్షిణ కరోలినాలోని పిగ్గీ పార్క్ భోజనశాలలపై నల్లజాతివారు వ్యాజ్యము వేసిరి. ఆ చట్టభాగము ప్రకారము గెలిచినవారికి దక్కునది నిషేధాజ్ఞయే. నష్టపరిహారము చిల్లిగవ్వయు లేదు. 1968లో ఆ దేశపు సుప్రీంకోర్టు చెప్పినదేమనగా, ఇట్టి వాది తనకొక్కనికొరకే కాక దేశమంతటి కొరకు పోరాడుచున్నాడు గనుక, విశేషకారణములున్నతప్ప అతని వకీలు రుసుము ఓడినవారే భరింపవలెను. చట్టమున ప్రత్యేకముగా వ్రాసియుండనిదే కోర్టులు తమంతట తాము రుసుము ఇప్పింపరాదని 1975లో అలియెస్కా తీర్పు అడ్డుకట్ట వేయగా, మరుసటి యేటనే అమెరికా కాంగ్రెసు పౌరహక్కుల వ్యాజ్యములలో గెలిచిన పక్షమునకు సముచితమైన వకీలు రుసుము ఇప్పించు అధికారమును న్యాయస్థానములకు ఇచ్చుచు శాసనము చేసినది. ఓడిన వాదినుండి ప్రతివాది రుసుము రాబట్టవలెనన్న, ఆ వ్యాజ్యము బొత్తిగా ఆధారము లేనిదై యుండవలెనని 1978 నాటి తీర్పు. ఇంతవరకు ఆ మార్గము ఉదాత్తముగనే సాగినది.

అటుపిమ్మట గెలిచిన పక్షమనగా ఎవరన్న తర్కము బయలుదేరినది. వ్యాజ్యమునకు జడిసి ప్రతివాది తనంతట తానే తప్పు దిద్దుకొనినచో వాది గెలిచినట్లా? కాదని 2001లో బక్‌హానన్ తీర్పు. గెలిచియు ఒక్క డాలరు నామమాత్రపు పరిహారమే పొందినవానికి? రుసుము ఏమియు రాకపోవచ్చునని 1992 నాటి తీర్పు. వర్జీనియాలో కోర్టు జరిమానాలు కట్టలేని బీదల వాహన లైసెన్సులను ఆ రాష్ట్రము తనంతట తానే నిలిపివేయుచుండెను. బాధితులు వ్యాజ్యము వేసి 2018లో తాత్కాలిక నిషేధాజ్ఞ పొందిరి. తుదితీర్పు రాకమునుపే 2020లో శాసనసభ ఆ చట్టమునే తొలగించినది. లైసెన్సులు వచ్చినవి, అన్యాయము తొలగినది. అయినను తాత్కాలికాజ్ఞతో విజయము సిద్ధింపదు గనుక వారు రుసుమునకు అర్హులు కారని 2025 ఫిబ్రవరి 25న లాకీ వర్సెస్ స్టిన్నీ వ్యాజ్యమున అమెరికా సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఇరువురు న్యాయమూర్తులు విభేదించిరి. నా దృష్టిలో విభేదించినవారిదే ధర్మపక్షము. ఓటమి తప్పదని తెలిసిన ప్రభుత్వము కడపటి క్షణమున చట్టము మార్చి వకీలు రుసుమును తప్పించుకొను వెసులుబాటు ఈ తీర్పు వలన కలిగినది. రేపటి బీదవాని వ్యాజ్యమును స్వీకరించుటకు వకీలు జంకును.

మన దేశము అర్హతను గెలుపుతో ముడిపెట్టక, వ్యాజ్యము ఆరంభమునకు ముందే తేల్చు పద్ధతిని ఎన్నుకొనినది. దీనికి బీజము పాతదే. మన పెద్దలు పాపరు దావా అని పిలిచిన పద్ధతి సివిలు ప్రొసీజరు కోడు 33వ ఆర్డరున కలదు. కోర్టు రుసుము చెల్లించుటకు తగిన స్తోమతు లేదని రుజువు చేసికొనినవాడు స్టాంపు లేకయే దావా వేయవచ్చును. అయితే చిరకాలము ఆ మినహాయింపు సర్కారుకు రావలసిన స్టాంపు వరకే. 1976 సవరణలో పాపరన్న పేరు పోయి నిర్ధనుడన్న పేరు వచ్చినది. వకీలు లేని నిర్ధనునకు వకీలును నియమించు అధికారము కోర్టునకు వచ్చినది. ఆ యేటనే 42వ సవరణ ద్వారా 39-ఎ అధికరణము రాజ్యాంగమున చేరి, ఆర్థికముగ బలహీనుడైన కారణమున ఎవనికిని న్యాయము దూరము కారాదని రాజ్యమును ఆదేశించినది. దానికి మూడేండ్ల ముందే జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యరు అధ్యక్షతన గల సంఘము ఉచిత న్యాయసహాయముపై నివేదిక సమర్పించియుండెను. 1978లో హోస్కాట్ వ్యాజ్యమున ఆయనయు, 1979లో హుస్సేనారా ఖాతూన్ వ్యాజ్యమున జస్టిస్ పి.ఎన్. భగవతియు, బీద నిందితునకు రాజ్యము తన ఖర్చుతో వకీలునిచ్చుట దయ కాదు, బాధ్యత అని నిర్ధారించిరి. వకీలు కావలెనని నిందితుడు అడుగకపోయినను ఆ హక్కు పోదని 1986లో సుక్ దాస్ తీర్పు చెప్పినది. జనార్దనరెడ్డి వ్యాజ్యపు ప్రశ్నకు ముప్పదియైదేండ్లకు ఇట్లు సమాధానము లభించినది.

1987లో న్యాయసేవాధికార సంస్థల చట్టము వచ్చినది. 1995 నవంబరు 9న అమలైనది. దాని 12వ సెక్షనే మన ప్రశ్నకు భారతదేశము వ్రాసికొనిన సమాధానము. షెడ్యూల్డు కులములవారు, షెడ్యూల్డు తెగలవారు, స్త్రీలు, బాలలు, వికలాంగులు, మనుష్యవిక్రయమునకో, వెట్టిచాకిరికో బలియైనవారు, నిర్బంధమున నున్నవారు, పారిశ్రామిక కార్మికులు, కులదౌర్జన్యము, వరద, కరువు, భూకంపము, పారిశ్రామిక విపత్తు వంటివానిచే అకారణముగ దుఃస్థితి పాలైనవారు, వీరికి ఆదాయముతో పని లేదు. ఇతరులు నిర్ణీతమైన ఆదాయపరిమితికి లోబడియుండవలెను. ఆదాయము విషయమున అఫిడవిటు చాలునని, నమ్మకుండుటకు కారణమున్నతప్ప మరేమియు అడుగనక్కరలేదని 13వ సెక్షను చెప్పుచున్నది. వ్యాజ్యమునకు పైపై చూపునకైనను ఆధారమున్నదని సంస్థకు తోచవలెను, అంతే.

ఈ 12వ సెక్షనును బోధను చెరకు సీమపై పరచి చూతము. షక్కర్‌నగరు కర్మాగారపు కార్మికుడు నిస్సందేహముగ అర్హుడు. 1947 నాటి పారిశ్రామిక వివాదముల చట్టము 36వ సెక్షను ప్రకారము, ఎదుటి పక్షము అంగీకరించి ట్రిబ్యునలు అనుమతించినగాని వకీలు వాదించుటకు వీలులేకుండెను గనుక, చిరకాలము అతని పక్షమున యూనియను నాయకుడే వాదించెను, చందాలే రుసుము. 1987లో ఆంధ్రప్రదేశ్ సవరణ వలన పనినుండి తొలగింపబడిన కార్మికుడు సర్కారు రెఫరెన్సుకొరకు నిరీక్షింపక నేరుగ లేబరు కోర్టుకు పోవు వీలు కలిగినది. ఈ రెండును అతనికి మేలే చేసినవి.

అతనికి చెరకు పండించి పంపిన రైతు సంగతి వేరు. 1966 నాటి చెరకు నియంత్రణ ఉత్తరువు ప్రకారము చెరకు అందిన 14 దినములలో ధర చెల్లింపవలెను. ఆలస్యమైనచో సాలునకు నూటికి 15 వంతున వడ్డీ. హక్కు ఇంత స్పష్టముగ నున్నను, బకాయికొరకు కోర్టునకు పోవు రైతు 12వ సెక్షను పట్టికలో తన పేరుగల గడి వెదకికొనవలెను. స్త్రీయైనచో, దళితుడైనచో, గిరిజనుడైనచో, కరువు పాలైనచో సరే, కానిచో ఆదాయపరిమితి. నాలుగెకరముల చెరకు రైతునకు బిల్లు వచ్చిన యేట ఆదాయము పరిమితి దాటును. బిల్లు రాని యేట అప్పు తప్ప మరేమియు ఉండదు. రావలసిన సొమ్మును ఆదాయమనవలెనా? బకాయి రాబట్టుకొనుటకు పోవువానికి ఆ బకాయియే అనర్హత కారాదని నా దృఢమైన అభిప్రాయము.

చెరకు నరకువాని స్థితి మరింత విచిత్రము. తెలంగాణమున లంబాడీలు షెడ్యూల్డు తెగవారు. మంజీర కావలి మహారాష్ట్రమున ఆ జాతివారే, ఆ భాషవారే, విముక్తజాతుల పట్టికలో నున్నారుగాని తెగల పట్టికలో లేరు. వర్ని తండానుండి వచ్చిన కూలికి కులపత్రమే అర్హత. సాలూర దాటి నాందేడు వైపునుండి వచ్చిన కూలి అదే కత్తి పట్టి అదే మడిలో అదే కూలికి నరికినను, ఆదాయపు అఫిడవిటు వ్రాసియిచ్చుకొనవలెను. బంధువులైనను నది అడ్డు వచ్చినది. అఫిడవిటు చాలునన్న 13వ సెక్షను ఇట్టివారి పాలిట పెన్నిధి; దానిని చదివి వినిపించువాడు అచ్చట నుండవలెను.

ఇక పౌరహక్కులన్న పేరుననే మనకొక చట్టమున్నది. 1955 నాటి అస్పృశ్యతా నేరముల చట్టమునకు 1976లో పౌరహక్కుల పరిరక్షణ చట్టమని పేరు మార్చినప్పుడు 15-ఎ సెక్షను చేర్చి, అంటరానితనమునకు గురియైనవారికి న్యాయసహాయముతో కూడిన వసతులు కల్పించుట ప్రభుత్వపు విధియని వ్రాసిరి. 1989 నాటి అత్యాచారముల నిరోధక చట్టము ఇంకను ముందుకు పోయినది. దాని క్రింద 1995లో చేసిన నియమములలో నాలుగవ నియమము అయిదవ ఉపనియమము మన పాఠకులు ఒక మారు శ్రద్ధగా చదువదగినది. అవసరమని తోచినను, బాధితుడు కోరినను, జిల్లా మేజిస్ట్రేటు పేరుపొందిన సీనియరు న్యాయవాదిని ప్రత్యేక న్యాయస్థానమున ఆ వ్యాజ్యము నడుపుటకు నియమింపవచ్చును. రుసుము ఎంత ఉచితమో ఆయనే నిర్ణయించును. అనగా నిజామాబాదు కలెక్టరు సంతకముతో, కులదౌర్జన్యమునకు గురియైన ఒక పల్లెవాసి పక్షమున పెద్ద వకీలు నిలువగలడు. బాధితునకును సాక్షులకును ప్రయాణపు ఖర్చు, దినబత్తా కూడ ఆ నియమములలోనే కలవు. వాడుకలోనికి రావలసినంతగా ఈ ఉపనియమము రాలేదు. బాధితుడు కోరుటకు వీలున్నది. కోరవచ్చునని అతనికి తెలియదు.

ఓడిన రాజ్యమునుండి ఖర్చులు రాబట్టు సంప్రదాయమును మన న్యాయస్థానములు పూర్తిగా విడువలేదు. నిర్బంధమున మరణించిన కుమారునికొరకు ఒడిషా తల్లి వ్రాసిన ఉత్తరమునే వ్యాజ్యముగ స్వీకరించిన నీలబతి బెహెరా తీర్పులో (1993) సుప్రీంకోర్టు ఆమెకు 1,50,000 రూపాయల పరిహారముతో పాటు, ఆమె పక్షమున శ్రమించిన సుప్రీంకోర్టు న్యాయసహాయ సంఘమునకు 10,000 రూపాయల ఖర్చులు చెల్లింపుమని ప్రభుత్వమును ఆదేశించినది. సొమ్ము స్వల్పమైనను పద్ధతి గొప్పది. సాయము చేసిన సంస్థకే ఖర్చులు చేరినచో మరియొక బీదవానికి సాయము చేయుటకు అవి పనికివచ్చును. మన తెలుగునేలపై నాటి కర్నూలు జిల్లా కోయిలకుంట్ల సబ్‌జైలులో 1977లో బాంబుదాడికి బలియైన ఖైదీ కుటుంబమునకు 1,44,000 రూపాయల పరిహారము 2000 సంవత్సరమున సుప్రీంకోర్టులో స్థిరపడినది. నడుమ ఇరువదిమూడేండ్లు! అంతకాలము ఒక వ్యాజ్యమును మోయుట సామాన్యులకు శక్యమగు పని కాదు. తెలుగునాట అట్టి బరువులను రుసుము చూడక మోసిన కె.జి. కణ్ణబిరాన్, గణితాచార్యుడుగ నుండి వకీలైన కె. బాలగోపాల్ వంటి వారికి మనము ఋణపడియున్నాము. అయినను మహానుభావుల త్యాగముపై ఒక న్యాయవ్యవస్థ ఆధారపడరాదు.

షక్కర్‌నగరు కథ ముగింపు ఇదే ప్రశ్నను తిరిగి మన ముందుంచుచున్నది. 2002లో కర్మాగారమున నూటికి 51 వంతుల వాటా ప్రైవేటు పక్షమునకు పోయి 49 వంతులు సర్కారు చేతిలో మిగిలినది. 2015 డిసెంబరులో లే-ఆఫ్ ప్రకటించిరి. 2019లో కంపెనీ లా ట్రిబ్యునలు లిక్విడేషను ఉత్తరువిచ్చినది. 2016 నాటి దివాలా స్మృతి 53వ సెక్షనున, అమ్మగా వచ్చిన సొమ్ము పంచు వరుస వ్రాయబడియున్నది. మొదట దివాలా ప్రక్రియ ఖర్చులును లిక్విడేషను ఖర్చులును పూర్తిగా చెల్లింపవలెను. లిక్విడేటరు తన పనికొరకు పెట్టుకొను వకీళ్ల రుసుము ఈ మొదటి వరుసలోనిదే. రెండవ వరుసలో, హామీ గల అప్పులవారితో సమానముగ, కార్మికులకు లిక్విడేషనునకు ముందటి 24 నెలల బకాయి. తన జీతముకొరకు తిరిగిన కార్మికుడు పెట్టుకొనిన వకీలు రుసుమునకు ఏ వరుసలోను చోటు లేదు. శాసనకర్తలు దీనిని సవరింపవలసియున్నది. అందాక అతనికి మిగిలిన దారి 12వ సెక్షనే. కర్మాగారము మూతపడినవాడు ఇంకను పారిశ్రామిక కార్మికుడేనా అని ఎవరైన సందేహింతురేమో. పారిశ్రామిక వివాదము కారణముగ తొలగింపబడినవానిని, రిట్రెంచిమెంటు అయినవానిని కూడ కార్మికుడుగనే 1947 నాటి చట్టము నిర్వచించినది. ఆ దృష్టియే ఇచ్చటను పాటింపదగినది.

అమెరికా పద్ధతి గెలిచినవాని వకీలును నిలబెట్టును. ముందుగ పెట్టుబడి పెట్టలేనివానిని గుమ్మమునందే వదలును. మన పద్ధతి గుమ్మమునందు చేయి పట్టుకొనును. గెలిచిన పిదప ఓడిన సర్కారును గట్టిగా అడుగదు. రెండింటిలో మనదే మానవీయమని నా తీర్పు. కాని దానికి రెండవది తోడు కావలెను. హక్కు భంగపరచినట్లు రుజువైన ప్రతి వ్యాజ్యమునను, నీలబతి బెహెరా తీర్పు చూపిన రీతిగ, నిజమైన ఖర్చులు న్యాయసేవాధికార సంస్థలకు చేరవలెను.

ఈ ధారావాహికను చదువు నిజామాబాదు, బోధను సోదరసోదరీమణులకు ఒక మనవి. జిల్లా కోర్టు ఆవరణలో జిల్లా న్యాయసేవాధికార సంస్థ యున్నది. మీ వాడకట్టులో జీతబకాయిల కాగితములు సంచిలో పెట్టుకొని తిరుగు కార్మికుడో, చెరకు బిల్లు రాని రైతో, అవమానము దిగమ్రింగి మౌనముగ నున్న దళిత కుటుంబమో, సాలూర దాటి వచ్చిన కూలియో ఉన్నచో, వారిని వెంటబెట్టుకొని అచ్చటికి పొండు. అక్షరము రానివారికి దరఖాస్తు వ్రాసి పెట్టుడు. అంత దూరము పోలేనివారు 15100 సంఖ్యకు ఫోను చేసినను న్యాయసహాయము గురించి చెప్పుదురు.